ఒక్క చేత్తో ఆడేవి

బాపు జఫర్‌గఢ్‌లో బయలుదేరానని ఫోన్ చేశాడు. ట్రాలీ ఆటో మాట్లాడుకున్నాడట, దారిలో ఎక్కడా ఆగకపోతే పొద్దు వాలకముందే జనగామలో ఉంటాడు, అంటే జీవన్‌కి మిగిలింది ఈ మధ్యాహ్నం ఒక్కటే. బాపు వచ్చాక కంప్యూటర్ తీగలన్నీ ఊడదీసి, బొంతలో చుట్టి, మంచం పక్కన, బియ్యం డబ్బా పక్కన ట్రాలీలో పెట్టేస్తాడు, ఆ తర్వాత ఈ గోడలోంచి వచ్చే సన్నటి ఇంటర్నెట్ తీగ ఉండదు, జఫర్‌గఢ్ ఇంట్లో డాబా ఎక్కితే తప్ప ఫోనుకే సిగ్నల్ నిలవదు, ఒక ఆట దించుకోవాలంటే వారం పట్టినా పట్టొచ్చు, అదీ డాబా ఎక్కగలిగినవాడికి. కాబట్టి ఏ ఆటలు వెంట తీసుకుపోవాలో, ఏవి తీసేసి వాటికి చోటు చేయాలో, ఇంటర్నెట్ లేకుండా ఏవి తెరుచుకుంటాయో, అన్నీ ఇప్పుడే తేలాలి. అతను కుర్చీని మోకాళ్లతో నెట్టుకుంటూ బల్ల దగ్గరికి జరిగాడు. ఎడమ చేయి ఒడిలో ఉంది, ఎవరో ఇచ్చి ఇది జర పట్టుకో అని వెళ్లిపోయినట్టు. కుడి అరచేతి కింద మౌస్ ఉంది. వేళ్లలో బొటనవేలూ చూపుడువేలూ ఇంకా మాట వింటున్నాయి, మిగతా కదలికంతా భుజం నుంచి రావాలి, భుజాన్ని కొంచెం ముందుకు తోస్తే తెర మీద బాణం పైకి పోతుంది, వెనక్కి లాగితే కిందికి వస్తుంది, ఇంత చిన్న పనికి ఇంత పెద్ద భుజం.

ఆటలు ఒక చోట లేవు, అదే అసలు తిప్పలు. ఒక్కో కంపెనీకి ఒక్కో లాంచర్, ఆట తీసుకోవాలన్నా తెరవాలన్నా ఆ కంపెనీ తలుపులోంచే పోవాలి, స్టీమ్‌లో ఉన్నది ఎపిక్‌లో కనపడదు, ఎపిక్‌లో ఉన్నది ఇంకోదానికి తెలియదు, ఒకే వాడకట్టులో ఉండి పలకరించుకోని ఇళ్లలాగా. ఇన్నేళ్లూ ఏది ఎక్కడుందో వెతుక్కోవడంలోనే సగం సరదా అయిపోయేది, అప్పుడు కోపం వచ్చేది, ఇప్పుడు అన్నిటినీ ఒకే గోడ మీద బొమ్మలు తగిలించినట్టు చూపించే చిన్న ప్రోగ్రామ్ ఒకటి దించుకున్నాడు. ఒక్కో లాంచర్ పేరూ సంకేతపదమూ దానికి ఇస్తే చాలు, అట్టబొమ్మలు వరసగా వచ్చి నిలబడుతున్నాయి, యుద్ధాలు, కార్లు, పొలాలు, దెయ్యాలు, ఒకటే ఆట రెండుసార్లు కూడా, ఇంతకుముందే ఉందని మరిచిపోయి ఇంకోచోట మళ్లీ తీసుకున్నవి. ఎపిక్ వాళ్లు గురువారం గురువారం ఊరికే ఇచ్చిన ఆటలే ఎక్కువ. ప్రతి గురువారం రాత్రి అన్నం తిని చేయి కడుక్కున్న వెంటనే జీవన్ ఈ కుర్చీలో కూర్చుని ఆ వారం ఆట తీసుకునేవాడు, ఆడినా ఆడకపోయినా. భార్య హరిత పక్క మీద దుప్పటి దులుపుతూ, ఆడనిదానికి తీసుకొనుడెందుకు అని అడిగేది. ముసలోళ్లమైనంక ఆడుకుందాం, అప్పుడు ఖాళీగ ఉంటం గద అనేవాడు. నేను ముసల్దాన్నయినా డ్యూటీకి పోయేటట్టే ఉన్న, నువ్వు ఆడుకో అనేది ఆమె. ఆ ముసలితనం కోసం దాచినవన్నీ ఇప్పుడు ముచ్చటైన రంగుల్లో తెర నిండా ఉన్నాయి, ఒక్కటీ తెరవనివి, కిందికి జరుపుతున్న కొద్దీ వస్తూనే ఉన్నాయి, భుజం నొప్పి పుట్టి ఆపాడు.

ఇదివరకు అయితే వీటిని ఎట్లా సర్దేవాడు? కార్లవి ఒక దగ్గర, కథలున్నవి ఒక దగ్గర, స్నేహితుడు మిథున్‌తో కలిసి ఆడేవి ఒక దగ్గర. ఇప్పుడు ప్రోగ్రామ్ కొత్త గుంపుకి పేరు పెట్టమని ఖాళీ గడి చూపించింది, తెర మీదే కనపడే అక్షరాల పలక మీద ఒక్కో అక్షరాన్నీ మౌస్‌తో నొక్కుతూ ‘రెండు చేతులు’ అని రాశాడు. దాని కింద ‘ఒక్క చేత్తో ఆడేవి’. దాని కింద చాలాసేపు ఏం రాయాలో తోచక ‘చూసేవి’ అని రాశాడు. ఆ తర్వాత ఆటల్ని ఒక్కటొక్కటిగా పట్టి లాగి వాటి గుంపుల్లో వేయసాగాడు, తుపాకీ ఆట, రెండు చేతులు. కత్తియుద్ధం, రెండు చేతులు. బంతాట, రెండు చేతులు. లోకమంతా రెండు చేతులున్నవాడి కోసమే కట్టినట్టు ఆ గుంపు పెరిగిపోతోంది, ‘ఒక్క చేత్తో’ దాంట్లో చదరంగమూ, పేకలూ, ఆగి ఆగి ఎత్తు వేసే రాజ్యాల ఆటలూ, చెట్లు నాటి నీళ్లు పోసే ఆట ఒకటీ. చెట్లు నాటే ఆట పట్ల అతనికి ఎప్పుడూ చిన్నచూపే ఉండేది. ఇప్పుడు దాన్ని దించడానికి పెట్టి, ఆకుపచ్చ గీత నిండుతూ ఉంటే చూస్తూ కూర్చున్నాడు, కిటికీ అవతల హైదరాబాదు బస్సు హారన్ కొట్టుకుంటూ పోయింది, దాని వెనక పత్తి లారీ, తాడు కింద నుంచి తెల్లగా పోగులు రాల్చుకుంటూ.

మూడో లాంచర్ కోడ్ అడిగింది. ఫోనులో ఒక సంఖ్య వస్తుంది, అది మారిపోయేలోపు ఇక్కడ కొట్టాలి. అతను ఫోను వైపు చూసి, తెర వైపు తిరిగి, అక్షరాల పలక తెచ్చుకుని, భుజాన్ని తోసుకుంటూ సగం కొట్టేసరికి సంఖ్య మారిపోయింది. మళ్లీ మొదలుపెట్టాడు, మళ్లీ మారింది. మనిషివేనా అని అడిగే గడి వచ్చింది, అందులో సైకిళ్లున్న బొమ్మలు ఎంచమంది, ఎంచాడు, నెమ్మదిగా ఎంచినందుకో ఏమో ఇంకోసారి ఎంచమంది. చేతులు మంచిగున్నప్పుడు ఈ పని చేసినట్టే గుర్తుండేది కాదు. చేతులు మంచిగున్నప్పుడు అనుకుంటే ఎప్పుడూ అదే సాయంత్రం కళ్ల ముందుకు వస్తుంది, కారు పందెం ఆడుతున్నాడు, మలుపు దగ్గర ఎడమ చిటికెనవేలితో మీట నొక్కితే కారు జారుతూ తిరగాలి, తిరగలేదు, గోడకు గుద్దుకుంది. మళ్లీ అదే మలుపు, మళ్లీ గోడ. మీట పాడైందనుకున్నాడు. కీబోర్డు బోర్లించి దులిపాడు, మీట పీకి దూదితో తుడిచాడు, బస్టాండు దగ్గర దుకాణంలో కొత్త కీబోర్డు తెచ్చుకున్నాడు, కొత్తదానిలోనూ అదే మీట పనిచేయలేదు. దుకాణంవాడితో తగువు పెట్టుకుని దాన్ని మార్పించుకొచ్చాడు కూడా. ఆ మూడో కీబోర్డు మీద ఆ మీటను కుడిచేతి వేలితో నొక్కినప్పుడు అది చక్కగా పనిచేసింది. అప్పుడు ఎడమ చిటికెనవేలిని తీసి ఎదురుగా పట్టుకుని చూశాడు. వంగమంటే వంగుతోంది, కానీ తన వేలిని కాక అద్దంలో వేలిని చూస్తున్నట్టు, ఆలస్యంగా.

అప్పటికి అతను పత్తి మార్కెట్ దగ్గర లారీల కాంటా మీద పనిచేసేవాడు, లారీ ఎక్కగానే కంప్యూటర్‌లో బరువు చూసి చీటీ తీసి కిటికీలోంచి ఇవ్వడం. ఆ చలికాలంలోనే చీటీలు చేతిలోంచి జారడం మొదలైంది, డ్రైవర్లు వంగి ఏరుకుని, ఏందన్నా నిద్ర లేదా అని నవ్వేవాళ్లు, అతనూ నవ్వేవాడు. నవ్వుతో చాలా రోజులు గడిచాయి. కాంటా యజమాని సోమేశ్వర్ మంచివాడే, తప్పుల గురించి ఒక్కసారి కూడా అరవలేదు, జర ఆరోగ్యం చూసుకో జీవన్, మంచిగైనంక రా అని మాత్రం అన్నాడు, ఆ కుర్చీలో మరునాడు ఇంకొకరు కూర్చున్నారు.  హరిత మహబూబాబాద్ దవాఖానలో స్టాఫ్ నర్సు, రాత్రి డ్యూటీలు పడినప్పుడు అక్కడే శశికళ అనే తోటి నర్సు గదిలో ఉండిపోయి, వీలున్నప్పుడు రైలెక్కి వచ్చేది, వచ్చిన రోజు వండిపెట్టి, నిద్రపోయి, నిద్రలో కూడా చేయి అతని మీద వేసి ఉంచేది. ఎండాకాలంలో ఒక సాయంత్రం అతను చొక్కా విప్పి కూలర్ ముందు కూర్చుంటే, ఆమె వెనక నుంచి వచ్చి ఆగిపోయింది. అతని భుజం మీది కండ తనంతట తానే కొట్టుకుంటోంది, చర్మం కింద ఏవో పురుగులు మెదులుతున్నట్టు. ఆమె దాని మీద అరచేయి పెట్టింది. ఏమైంది అని అడిగితే ఏం లేదు అంది, చేయి మాత్రం తీయలేదు, కూలర్ గాలి చల్లగా, ఆమె చేయి వెచ్చగా, అతనికి ఆ పూట హాయిగా ఉంది.

హైదరాబాదులో కండల్లో సూదులు గుచ్చి పరీక్ష చేశారు, ప్రతి సూదికీ పక్కనున్న యంత్రం వాన పడ్డ రేకుల చప్పుడు చేసింది. పెద్ద డాక్టరు కాగితం చూస్తూ, తల పైకెత్తకుండా మోటార్ న్యూరాన్ జబ్బు అన్నాడు, కండలకు కబురు మోసే నరాలు ఒక్కటొక్కటిగా చచ్చిపోతాయన్నాడు, ముందు చేతులు, తర్వాత కాళ్లు, మాట, మింగడం, ఏది ముందో ఏది వెనకో చెప్పలేమన్నాడు, మనసుకు మాత్రం ఏమీ కాదు అని అదొక మంచి కబురులా అన్నాడు. హరిత కాగితాలన్నీ సంచిలో సర్దుకుంది, ఆమె ముఖంలో కొత్తగా విన్న సంగతి ఏదీ లేదు. తిరుగు బస్సులో భువనగిరి దాటాక జీవన్ అడిగాడు.

“నీకు ముందే ఎరుకనా?”

“అనుమానమయ్యింది. ఎండకాలంల, నీ భుజం మీద చెయ్యి పెట్టిన చూడు, అప్పుడు.”

“మరి చెప్పకపోతివి?”

ఆమె కిటికీ వైపు తిరిగింది. “చెప్పకపోతే గన్ని రోజులన్న నువ్వు నవ్వుకుంట ఉంటవని,” అంది.

ఆ జవాబు మీద అతనికి కోపం తెచ్చుకోవాలనిపించింది, రాలేదు, కోపానికి కూడా కండ కావాలేమో. తెర మీద కోడ్ గడి ఇంకా మెరుస్తోంది. ఈసారి ఫోనును కీబోర్డు మీదికి మోచేత్తో తోసుకుని, సంఖ్య కొత్తగా మారే క్షణం కోసం కాచుకుని, మారగానే మొదలుపెట్టాడు, చివరి అంకె పడింది, లాంచర్ తెరుచుకుంది, ఇంకో వరస అట్టబొమ్మలు గోడ మీదికి ఎక్కాయి. ఇందులోనే ఉంది ఆ కొండల ఆట, వయొలిన్ పాటతో మొదలయ్యేది. పోయిన నెల స్నానాల గదిలో పడ్డ రోజు అది తెర మీద తెరిచే ఉంది. కాలు జారిందనడానికి లేదు, మోకాలే ఉన్నట్టుండి లేకుండా పోయింది, పడ్డాక చేతులు ఊతమిచ్చి లేపవు కదా, తడినేల మీద చెంప ఆనించి, తలుపు కింద సందులోంచి గదిలో మంచం కోళ్లు చూస్తూ ఉండిపోయాడు. అరిచాడు, ఎవరూ లేరు. బయట స్టేషన్‌లో రైళ్ల గురించి చెబుతున్న ఆడగొంతు, లోపల ఆ వయొలిన్, ఆట మొదలుపెట్టమని పిలుస్తూ, అయిపోయి మళ్లీ మొదలై, అయిపోయి మళ్లీ మొదలై. ఇంటామె మైసమ్మ మధ్యాహ్నం కూర గిన్నె పట్టుకొచ్చి పిలిస్తే గానీ దొరకలేదు. ఆమె తన చీర కొంగుతోనే అతన్ని తుడిచి, కొడుకా కొడుకా అంటూ బట్టలు తొడిగింది, అతను కళ్లు మూసుకుని ఆ వయొలిన్‌ని ఎవరైనా ఆపితే బాగుండునని మాత్రం అనుకున్నాడు. ఇప్పుడు ఆ బొమ్మ మీద బాణం పెట్టి, తీసెయ్యి అన్నాడు. నిజంగా తీసేయాలా అని అడిగింది. చూపుడువేలు నొక్కింది. చాలా చోటు ఖాళీ అయ్యింది.

పడ్డ మరునాడు హరిత ఉద్యోగం మానేస్తానంది. వద్దన్నాడు. మహబూబాబాద్‌లో ఇల్లు తీసుకుందామంది, నీకు రాత్రి డ్యూటీ పడితే అక్కడ నేను మళ్లీ ఒక్కణ్నే గద అన్నాడు. వాళ్లిద్దరూ ఇట్లా ఒకరి మాట ఒకరు కొట్టేసుకుంటూ ఉండగా బాపు దానియేలు తొలి బస్సుకు వచ్చి, చెప్పులు గడప బయట విడిచి, నీళ్లు కూడా తాగకుండా నిలబడి, నడువు బిడ్డా ఇంటికి అన్నాడు. అంతే. జీవన్‌ని కన్న అవ్వ సారమ్మ ముందు గది కడిగించిందట, కిటికీ పక్కన మంచం వేయించిందట, ప్రతి ఆదివారం పాస్టరుగారితో పేరు పెట్టి ప్రార్థన చేయిస్తోంది. అవ్వ ఫోనులో ఆ సంగతి చెబుతుంటే అతను ఊ కొట్టేవాడు, నమ్మకముందో లేదో అతనికే తెలియదు, కానీ తన పేరు అంతమంది మధ్య బిగ్గరగా పలకడం ఊహించుకుంటే ఇబ్బందిగా ఉండేది, ఊరంతా తెలిసిపోయిందన్నమాట, అందరికీ తెలిసింది, ఒక్క మిథున్‌కి తప్ప.

మిథున్ దగ్గరికి వచ్చేసరికి మనసు ఎప్పుడూ పక్కకు తప్పుకుంటుంది. వరంగల్ పాలిటెక్నిక్ హాస్టల్లో ఇద్దరికీ ఒకటే కీబోర్డు, ఎడమవైపు మీటలు మిథున్‌వి, కుడివైపు బాణాలు జీవన్‌వి, భుజాలు ఆనించి కూర్చుని ఆడేవాళ్లు, గెలుస్తున్నవాణ్ని మోచేత్తో పొడవడం కూడా ఆటలో భాగమే. ఇప్పుడు మిథున్ చెల్పూర్ కరెంటు ప్లాంటులో షిఫ్టుల్లో పనిచేస్తాడు, భూపాలపల్లిలో ఇల్లు, పెళ్లయింది. అయినా వారానికొకసారి ఇద్దరూ కలిసి లారీ నడిపే ఆట ఆడాలనుకున్నారు, మంచు పడ్డ కొండల్లో దుంగలు వేసుకుని ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి పోవడం. అక్కడా లాంచర్ల గోలే, జీవన్ స్టీమ్‌లో తీసుకున్నాడు, మిథున్ ఎపిక్‌లో, తీరా చూస్తే ఒకదానివాళ్లు ఇంకోదానివాళ్లతో కలవడానికి లేదంది ఆ ఆట. అందుకని మిథున్ తన తెరను వీడియో కాల్‌లో చూపించి నడిపేవాడు, తర్వాతి వారం జీవన్ చూపించి నడిపేవాడు, నడపనివాడి పని నడిపేవాణ్ని తిట్టడం. వేళ్లు పోతున్న కొద్దీ జీవన్ తన వంతు తప్పించుకున్నాడు. మొదట కీబోర్డు ఖరాబైందన్నాడు, తర్వాత నెట్ రావడం లేదన్నాడు, ఆ తర్వాత అబద్ధం చెప్పడానికి కూడా అక్షరాలు నొక్కాలి కనుక జవాబివ్వడం మానేశాడు. అన్ని లాంచర్లలోనూ తను కనపడకుండా పెట్టుకున్నాడు. మిథున్ చివరి సందేశం, నేనేమన్న తప్పు మాట్లాడిన్నా రా అన్నది, ఫోనులో అట్లాగే ఉంది. చెబితే వాడు వెంటనే బండేసుకుని వచ్చేస్తాడు, వచ్చి ఈ చేతుల్ని చూస్తాడు. ఈ లోకంలో తన చేతుల్ని ఇంకా ఎప్పటిలాగే తలుచుకుంటున్నవాడు వాడొక్కడే, ఆ ఒక్క చోట ఇంకా అవి మీటల మీద పరుగెత్తుతున్నాయి. లారీ ఆటను లాగి, ‘ఒక్క చేత్తో ఆడేవి’ పైన కాసేపు గాల్లో ఉంచి, ‘చూసేవి’లో వదిలాడు.

అప్పుడే కంప్యూటర్ మోగింది. తెర మూలన మిథున్ ముఖం, పెళ్లిలో తీసిన ఫొటో. జీవన్‌కి అర్థం కాలేదు, తర్వాత అర్థమైంది, కొత్త ప్రోగ్రామ్ ఒక్కో లాంచర్‌లోకి పోతూ అన్నిచోట్లా తనను ఉన్నట్టు చూపించేసింది, ఇన్ని నెలలు ఆరిపోయి ఉన్న చుక్క పచ్చగా వెలిగింది. మోగనిస్తే ఆగిపోతుంది. ఆగిపోయింది. మళ్లీ మోగింది. బాణం ఎర్ర గుర్తు మీదికి పోవాల్సింది, భుజం కొంచెం ఎక్కువ తోసిందో, తోయాలనే తోసిందో, పచ్చ గుర్తు మీద పడింది.

“దొరికినవ్‌రా,” అన్నాడు మిథున్. గొంతులో కోపమూ సంతోషమూ కలిసి ఉన్నాయి. “కీబోర్డు బాగైందా?”

“కీబోర్డుకు ఏం గాలే మిథున్. నా చేతులు ఖరాబైనయ్.”

మిథున్ నవ్వబోయి ఆగాడు. జీవన్ చెప్పాడు, చిటికెనవేలు, చీటీలు, సూదులు, డాక్టరు చెప్పిన పేరు, స్నానాల గది, ఈ రోజు సాయంత్రం జఫర్‌గఢ్ పోతున్న సంగతి, ఎక్కడా ఆగకుండా చెప్పేశాడు, ఆగితే మళ్లీ మొదలుపెట్టలేనని. భూపాలపల్లిలో ఆ ఇంట్లో కుక్కర్ కూత వేసింది, ఎవరో వచ్చి దాన్ని ఆపారు. నయమవుతుందా అని మిథున్ అడిగాడు. కాదన్నాడు. మందులున్నాయా అని అడిగాడు. నెమ్మది చేసేవి ఉన్నాయట, ఆపేవి లేవన్నాడు. తర్వాత ముక్కు ఎగబీల్చిన చప్పుడు వినిపించింది.

“నువ్వు ఏడిస్తే నేను పెట్టేస్త,” అన్నాడు జీవన్.

“ఏడుస్తలేను. ఇప్పుడేం జేస్తున్నవ్, గది చెప్పు.”

ఆటలు సర్దుతున్నానని చెప్పాడు. ఎట్లా సర్దుతున్నావని అడిగితే గుంపుల పేర్లు చెప్పాడు. మన లారీని దేంట్ల పెట్టినవని మిథున్ అడిగాడు. జీవన్ చెప్పలేదు, చెప్పనక్కర లేకపోయింది, వాడికి తెలిసిపోయింది. తీయమన్నాడు అందులోంచి. తీసి ఎక్కడ పెట్టాలిరా అని జీవన్ అడిగాడు, ఆ అడగడంలో ఇన్ని నెలల విసుగూ బయటపడింది, నువ్వు బాగున్నవ్ గనుక నీకు తెలుస్తలేదు, దీనికి రెండు చేతులు కావాలి, నాకు ఒకటి కూడ సక్కగ లేదు అన్నాడు.  మిథున్ ఏదో నొక్కుతున్న చప్పుడు వినిపించింది, జీవన్ తెర మీద కొత్త కిటికీ తెరుచుకుంది, మిథున్ తెర, మంచు కొండలు, ఎర్ర లారీ, వెనక దుంగలు.

“నేను నడుపుత. నువ్వు దారి చెప్పు. నీకు గా మ్యాపంత నోటికొచ్చు.”

నిజమే, వచ్చు. ఏ వంతెన కూలిందో, ఏ దారిలో బురద చక్రాలను మింగుతుందో, ఏ వాగు గడ్డకట్టినట్టు కనిపించి విరుగుతుందో, అన్నీ తెలుసు. చెప్పడం మొదలుపెట్టాడు. వంతెన వద్దు, పక్కనుంచి పో. జర ఆగు, ముందల గుంత. గేరు దించు. మిథున్ ఎప్పటిలాగే వేగంగా పోయి, ఎప్పటిలాగే తిట్లు తిన్నాడు, లారీ ఊగింది, దుంగలు ఒరిగాయి, పడలేదు. జీవన్‌కి తను నవ్వుతున్నానని చెంపలు నొప్పి పుట్టాక గానీ తెలియలేదు. చేతులు గుర్తు రాలేదు. చాలా రోజుల తర్వాత ఒక పని తన వల్ల నడుస్తోంది, మంచు పక్కలకు చెదురుతోంది, కొండ ఎక్కి దిగితే వాగు, వాగు దగ్గర దారి రెండుగా చీలుతుంది, కుడివైపుది చదునుగా కనిపిస్తుంది కానీ అక్కడ మంచు పలుచన, బండి మునుగుతుంది, ఎడమవైపుదే దారి.

జీవన్ ఎడమకు అన్నాడు.

“ఏందీ?” అన్నాడు మిథున్.

మళ్లీ అన్నాడు. మిథున్ లారీ ఆపాడు, మైకు జర దగ్గరికి తెచ్చుకో, వినస్తలేదు అన్నాడు. మైకు మూతి దగ్గరే ఉంది. జీవన్ ఆ మాటను నోట్లోనే ఒకసారి చూసుకున్నాడు, నాలుక పైకి పోవాలి, పళ్ల వెనక తగలాలి, తగలడం లేదు, పన్ను పీకించుకోవడానికి సూది వేయించుకున్నట్టు మొద్దుగా మధ్యలోనే పడి ఉంది. మధ్యాహ్నం బాపు కూడా ఫోనులో ఏందీ, ఏందీ అని రెండుసార్లు అడిగాడు, సిగ్నల్ అనుకున్నాడు. నిన్న మైసమ్మ ఉప్పు కావాలంటే చెంబుతో నీళ్లు తెచ్చింది, ఆమెకు చెవుడు వస్తోందనుకున్నాడు. ఇవాళ ఇంతసేపు ఆగకుండా మాట్లాడితే నాలుక అలసిపోయింది, అంతేనేమో, అంతే కాదని అతనికి తెలుసు, కీబోర్డు మార్పించుకొచ్చిన రోజు తెలియలేదు గానీ ఇప్పుడు తెలుసు. మాట అని డాక్టరు వేలు మడిచి చెప్పినప్పుడు దాన్ని ఎంతో దూరంలో పెట్టుకున్నాడు, కాళ్లు పోయాక, అంతా అయ్యాక వచ్చేదిగా. చేతులు పోతే దారి చెప్పొచ్చు అనుకుని ఇంకా గట్టిగా గంట కూడా కాలేదు. వాగు మీద మంచు పడుతోంది.  మిథున్‌కి కూడా అర్థమైపోయి ఉంటుంది, వాడి ఊపిరి వినిపిస్తోంది, లారీ ఇంజను గుడగుడమంటూ ఉంది. జీవన్ బలమంతా తెచ్చుకుని మూడోసారి అన్నాడు, వచ్చిన మాటలో అచ్చులు మాత్రమే ఉన్నాయి.

“ఎడమకంటున్నడు బిడ్డా,” అంది వెనక నుంచి ఒక గొంతు. “ఎడమకు తిప్పు.”

బాపు ఎప్పుడు వచ్చాడో, గుమ్మంలో ఎంతసేపటి నుంచి నిలబడ్డాడో. భుజం మీద బొంత, తాడు చుట్ట, చొక్కా మీద దారి దుమ్ము. అతని కళ్లు తెర మీద లేవు, కొడుకు పెదాల మీద ఉన్నాయి. కింద వీధిలో ట్రాలీవాడు హారన్ కొట్టాడు, బాపు తల తిప్పలేదు.

“సరే బాపు,” అన్నాడు మిథున్, గొంతు సవరించుకుని. లారీ ఎడమకు తిరిగింది.

బాపు తాడు కింద పెట్టాడు. ప్లాస్టిక్ స్టూలును కాలితో దగ్గరికి లాక్కుని, బొంత ఒడిలో పెట్టుకుని కొడుకు పక్కన కూర్చున్నాడు. ఒరిగిపోయిన ఎడమ చేతిని తీసి బొంత మీద పెట్టుకున్నాడు. అప్పుడు మొదటిసారి తెర వైపు చూశాడు, మంచు వైపు, దుంగల వైపు, అది ఏ దేశమో ఏమో అడగలేదు. ఇంక ఏం చెప్పాలన్నట్టు జీవన్ వైపు తల వంచాడు. జీవన్ చెప్పాడు. బాపు పూర్తిగా విన్నాడు, సరిగ్గా విన్నానా అన్నట్టు ఒకసారి తనలో తాను అనుకున్నాడు, మైకు వైపు వంగి, చెలక అవతలి గట్టు మీదున్న మనిషితో అన్నట్టు గట్టిగా అన్నాడు:

“మెల్లగ పొమ్మంటున్నడు. ముందల మంచు మెత్తగున్నదంట.”